పక్కింటి ఫ్రెంచి నటుడు పట్టుకెళ్ళింది

ఆ ఏడు వసంతంలో వీచిన గాలికి మా ఇంటికీ పక్కింటికీ మధ్య ఉన్న చెక్క కంచె పడిపోయింది. మెల్‌బోర్న్ శివార్లలోని ఈ వెర్రిబీలో మా వైపు చెట్లు తక్కువ, మైదానం ఎక్కువ. గాలి బయల్దేరితే దానికి అడ్డం నిలబడేవి కంచెలే. పొద్దున్న వెనక తలుపు తీసి చూసేసరికి, పడిన చెక్కల అవతల ఒక ముసలాయన పైజమా మీద కోటు తొడుక్కుని, చేతులు వెనక్కి కట్టుకుని, మా పెరటిని తీరిగ్గా చూస్తున్నాడు. పక్కింట్లోకి ఎవరో కొత్తగా వచ్చారని తెలుసుగాని మనిషిని చూడడం అదే మొదలు.

"ఎంతసేపటి నుంచి చూస్తున్నారు?" అని అడిగాను.

"తెర లేచాక చూడకపోతే మర్యాద కాదు" అన్నాడు. మాట్లాడింది ఇంగ్లీషేగాని మాట సగం ముక్కులోంచి వచ్చింది.

ఆ సాయంత్రం వీధి తలుపు కొట్టి పద్ధతిగా పరిచయం చేసుకున్నాడు. ఒక కార్డు ఇచ్చాడు. పేరు, దాని కింద 'నటుడు' అని ఉన్నాయి. వెనక్కి తిప్పి చూశాను. వెనక ఏమీ లేదు. కార్డు మీద ఫోను నంబరైనా లేకపోవడం నాకు నచ్చలేదు. "ఎవరు పంపారు మిమ్మల్ని?" అన్నాను.

"కంచె" అన్నాడు.

నా సంగతి కొంత చెప్పాలి. కోస్తాలో ఒకప్పుడు మాది జమీందారీ కుటుంబం. భూముల్లో కొన్ని జమీందారీల రద్దులో పోతే, మిగతావి మా నాన్నగారి దావాల్లో పోయాయి. దివాణం ఇప్పుడు కల్యాణ మంటపం. మా తాతగారు తగవులు తీర్చిన హాల్లో పెళ్ళివారికి బఫే పెడతారని విన్నాను. వెళ్ళి చూడలేదు. నేను అకౌంట్స్ చదివి, స్కిల్డ్ వీసా మీద మెల్‌బోర్న్ వచ్చి, సిటీలో ఒక ఇన్సూరెన్సు ఆఫీసులో పనిచేస్తున్నాను. వారంలో కొన్ని రోజులు రైలెక్కి వెళ్తాను, కొన్ని రోజులు ఇంటి నుంచే పని. నా భార్య చైల్డ్‌కేర్ సెంటర్లో టీచరు. అమ్మాయి యూనివర్సిటీలో చదువుతోంది.

మాకు మిగిలిన ఆస్తి ఒకటే, నిటారుగా ఉండడం. మా తాతగారు కుర్చీ వీపుకు ఆనుకుని కూర్చోగా చూసినవాళ్ళు లేరు. మా నాన్నగారు కోర్టు వరండాలో బెంచీ మీద, అన్నీ పోతున్న రోజుల్లో కూడా, గోడకు ఆనలేదు. నేను వెర్రిబీ రైల్లో ఆనను. సోఫా కొన్నప్పుడు మా అమ్మాయి, "నాన్నా, సోఫాకి బ్యాక్ ఉంటుంది, యూ నో" అంది. ఉంటే ఉండనీ అనుకున్నాను. పొలాన్ని వేలం వేయవచ్చు, ఇంటిని జప్తు చేయవచ్చు. మనిషి కూర్చునే తీరును ఎవరూ పట్టుకుపోలేరు. అప్పటికి నా నమ్మకం అది.

కొత్త కంచె వేశారు. అయినా ముసలాయన రావడం మానలేదు. తన పెరట్లో నిమ్మచెట్టు విరగకాసిందని సంచీలో నిమ్మకాయలు వేసుకుని సాయంత్రాలు వచ్చేవాడు. తలుపు నేనే తీసేవాణ్ణి. సంచీ తీసుకుని, పైన ఉన్నవి పక్కకు జరిపి అడుగున ఏమున్నాయో చూసి లోపలికి ఇచ్చేవాణ్ణి. అమ్మాయి స్కూల్లో ఫ్రెంచి చదివింది కనుక ఆయన్ని 'మొస్యూ' అనేది. తల్లీ అదే పిలుపు పట్టుకుంది. ఆయన మాత్రం నన్ను 'ప్రిన్స్' అనేవాడు. మా వంశం సంగతి విన్నాక మొదలుపెట్టాడు. అది గౌరవమో వెటకారమో నాకు చాలాకాలం అంతుపట్టలేదు.

ఆయన కథ టీ తాగుతూ విడతలు విడతలుగా చెప్పాడు. చిన్న ఊరు, తండ్రి మాంసం కొట్టు. పారిస్ వెళ్ళి నాటకాల్లో పళ్ళేలు మోసే నౌకరు వేషాలు వేశాడు. మొదటి సినిమాలో కూడా వెయిటరే. దర్శకుడు పిలిచి, "హీరో మొహం చూడకు, హీరో ప్లేటు చూడు. వెయిటర్లు ప్లేటు చూస్తారు" అన్నాడట. ఆ ఒక్క మాటతో తన వృత్తి ఏమిటో తెలిసిపోయింది అన్నాడు. అప్పట్నుంచి వరసగా పోలీసు, పాస్టరు, పన్నులాఫీసరు, గదిలోంచి బయటికొచ్చి తల అడ్డంగా ఊపే డాక్టరు, భార్య ఎవరితోనో వెళ్ళిపోయిన మొగుడు. టీవీ సీరియల్లో ఒక జడ్జి దగ్గర గుమాస్తాగా ఏళ్ళ తరబడి కనిపించాడు. వీధిలో జనం నమస్కారం పెట్టేవాళ్ళుగాని పేరు ఒక్కరికీ తెలియదు. ఎక్కడో చూశాం, బ్యాంకులోనా, అని అడిగేవాళ్ళట.

ఆస్ట్రేలియాకు ఒక సినిమా షూటింగుకు వచ్చాడు. ఎడారిలో నీళ్ళు దొరక్క చచ్చిపోయే సైంటిస్టు వేషం. మొహం మీద చెమట కనిపించాలని గ్లిజరిన్ చల్లే మేకప్ అమ్మాయిని పెళ్ళి చేసుకుని ఇక్కడే ఉండిపోయాడు. తర్వాత ఇక్కడి సినిమాల్లో, టీవీలో ఎవరికి ఇటలీవాడు కావాలన్నా, గ్రీకువాడు కావాలన్నా, రష్యా గూఢచారి కావాలన్నా ఈయన్నే పిలిచారు. "ఈ దేశంలో నన్ను ఫ్రెంచివాడి వేషానికి పిలిచింది తక్కువ, ప్రిన్స్. అదీ టీవీ యాడ్‌లో చీజు అమ్మడానికి" అన్నాడు. భార్య పోయాక సిటీలో ఇల్లు వదిలేసి ఇటు వచ్చాడు.

వినడానికి బాగానే ఉంది. అందుకే నమ్మబుద్ధి కాలేదు. ఇంటర్నెట్లో వెతికాను. ఆ పేరు నిజంగానే చాలా సినిమాల కింద, జాబితాల అడుగున ఉంది. ఫొటోలు చూస్తే ఏ రెండూ ఒక మనిషివిగా లేవు. ఒకదాంట్లో లావు, ఒకదాంట్లో గెడ్డం, ఒకదాంట్లో చెవులే వేరుగా ఉన్నాయి. ఎవరో చనిపోయిన నటుడి పేరు పెట్టుకుని తిరుగుతున్నాడేమో అని నా భార్యతో అన్నాను.

"నిమ్మకాయలు తెచ్చిస్తున్నాడండీ పాపం. పాస్‌పోర్టు కూడా చూపించమంటారా?" అంది.

"ఊరికే ఎందుకు తెస్తాడు?"

"చెట్టుకి కాశాయి గనక. మీకు ఎవరు ఏమిచ్చినా ఎందుకిచ్చారనే."

నేనే ఒకరోజు, మీరు నటించింది ఏదైనా ఉంటే చూపించండి అన్నాను. మర్నాడు ఒక డీవీడీ తెచ్చి ఇచ్చాడు. అట్ట వెనక ఆయన పేరు లేదు. సినిమా మొదటినుంచి చివరిదాకా కళ్ళు తిప్పకుండా చూశాను. ఆయన ఎక్కడా లేడు. అబద్ధం దొరికింది అనుకున్నాను. అమ్మాయి గదిలోంచి వచ్చి, కాస్త వెనక్కి తిప్పమని, "నాన్నా, సీరియస్‌లీ? ఆ ప్రీస్ట్ మొస్యూనే కదా" అంది. శవం మీద మట్టి చల్లుతున్న పాస్టరు. దగ్గరగా, తెర నిండా, ఆయనే. నేను మొహం చూసి కూడా పోల్చలేదు.

ఆ సంగతి చెబితే ముసలాయన మొహం వెలిగిపోయింది. ఇంతకంటే మంచిమాట తనతో ఎవరూ అనలేదన్నాడు. నా అనుమానం మాత్రం మరోవైపు తిరిగింది. ఆయన నటుడే. కాని రోజూ ఎదురుగా కూర్చుని టీ తాగే మనిషి నా కళ్ళ ముందే ఇంకొకడైపోతే, మా ఇంట్లో కూర్చున్నప్పుడు ఎవరుగా కూర్చుంటున్నాడు?

చలికాలం వచ్చేసరికి ఆయన మా తాతగారి గురించి అడగడం మొదలుపెట్టాడు. ఎలా కూర్చునేవారు, ఉత్తరీయం ఏ భుజం మీద, ఎవరైనా వస్తే లేచేవారా, తల మాత్రమే ఊపేవారా. నేను బయటివాళ్ళతో ఇంటి విషయాలు చెప్పే మనిషిని కాను. ఎందుకో ఆయనతో చెప్పాను. చెప్పడమే కాదు, లేచి చూపించాను. మా తాతగారు హాలు ఈ చివరనుంచి ఆ చివరకు నడిచిన తీరు, మెడ తిప్పకుండా కళ్ళతోనే పక్కవాణ్ణి పిలిచే తీరు. నా భార్య వంటింటి గుమ్మంలో నిలబడి చూస్తోంది. పెళ్ళయ్యాక నన్ను అలా ఎప్పుడూ చూసి ఉండదు. ముసలాయన కదలకుండా చూశాడు. కాగితం లేదు, కలం లేదు.

కొన్నాళ్ళకు నా భార్య ఆయనిచ్చిన గిన్నె తిరిగి ఇవ్వడానికి వెళ్ళి కబురు తెచ్చింది. "మొస్యూకి వేషం వచ్చిందట. చాలా రోజుల తర్వాత, డైలాగులున్న వేషం."

"ఏం వేషం?"

"పోలీసు సీరియల్. పల్లెటూళ్ళో పాత బంగళా. ఎప్పుడో యూరప్‌లో పెద్ద వంశమట, అంతా పోయి గదులు అద్దెకిచ్చుకుంటూ ఉంటాడట ముసలాయన. అద్దెకున్నవాడు ఎవడో కనిపించకుండా పోతే పోలీసులు వస్తారు."

చేతిలో కాఫీ కింద పెట్టాను. ఆ వేషానికి సరుకు ఎక్కణ్ణుంచి తీసుకున్నాడో నాకు వేరే చెప్పనక్కర్లేదు.

మా వైపు ఊళ్ళకు పగటివేషగాళ్ళు వచ్చేవారు. ఒకరోజు కోమటి, ఒకరోజు పిట్టలదొర, ఒకరోజు పోలీసు. ఊళ్ళో ఎవరి ముందు వాళ్ళ వేషమే కట్టి నవ్వించేవారు. దివాణం దగ్గర మాత్రం ఒక కట్టడి ఉండేదని మా నాన్నగారు చెప్పేవారు. జమీందారు వేషం కట్టకూడదు. పొరుగూళ్ళో ఎవరో కట్టారని, మా తాతగారి నడక నడిచి చూపిస్తే జనం పడీపడీ నవ్వారని తెలిసినప్పుడు, ఆయన ఎవరినీ ఏమీ అనలేదట. ఆ తర్వాత ఆ ఊరిమీదుగా కాలినడకన వెళ్ళడం మానేశారట. భూములు పోయినప్పుడు కూడా ఆయన అంత కుంగలేదని మా నాన్నగారి మాట. ఇప్పుడు అదే నడక ఈ దేశమంతా టీవీలో చూడబోతోంది. నా చేతులతో నేనే ఇచ్చాను. ఉన్న ఒక్క ఆస్తీ ఇలా నా చేతిమీదుగానే పోతోంది.

వెంటనే వెళ్ళి అడిగాను. ఆయన తలుపు బార్లా తీసి లోపలికి రమ్మన్నాడు. నేను మెట్టు మీదే నిలబడ్డాను.

"మా తాతగారిని ఆ వేషంలో వాడుతున్నారా?"

"మీ తాతగారు నాకు అక్కర్లేదు, ప్రిన్స్."

"మరి అన్ని వివరాలు ఎందుకడిగారు?"

"ఆయన గురించి చెప్పేటప్పుడు మీరు బాగుంటారు. మిగతా టైములో ఇంత బాగుండరు."

ఈ మాట నేను నమ్మలేదు. "మా తాతగారు కూర్చున్న తీరుగాని, నడిచిన తీరుగాని టీవీలో కనిపించిందంటే ఇక మా గడప తొక్కొద్దు" అన్నాను.

"సరే" అన్నాడు. క్షమించమని అనలేదు, కోపమూ పడలేదు.

షూటింగుకు ఇంకా వ్యవధి ఉంది. ఆయన ఎప్పటిలాగే వస్తూనే ఉన్నాడు. రావద్దని చెప్పడానికి రుజువు లేదు. రుజువు లేకుండా మనిషిని గెంటడం మా ఇంటి పద్ధతి కాదు. అందుకని నేనొక ఉపాయం చేశాను. ఆయన వచ్చినప్పుడల్లా సోఫాలో జారగిలబడి కూర్చున్నాను. కాళ్ళు చాపాను. నడిచేటప్పుడు భుజాలు వేలాడేశాను. తీసుకోవడానికి ఏమీ లేకుండా చేయాలని. అలవాటు లేని పని కనుక నడుము పట్టేసింది.

"నొప్పికి వోల్టారెన్ రాయమంటారా?" అని నా భార్య.

"అక్కర్లేదు. ఆయన వెళ్ళాక సర్దుకుంటుంది."

"ఏమిటో, మొస్యూ వేషం వేస్తున్నాడో మీరు వేస్తున్నారో తెలీడం లేదు" అని లోపలికి వెళ్ళిపోయింది.

అంతేకాదు, ఆయన ముందుగా నన్ను చూడకూడదు, నేనే ఆయన్ని చూడాలి అని, తలుపు ప్రతిసారీ నేనే తీసేవాణ్ణి. పూర్తిగా తీసేవాణ్ణి కాదు.

ఆ ఎపిసోడ్ ఆదివారం సాయంత్రం వచ్చింది. నా భార్య వెళ్ళి ఆయన్ని పిలిస్తే, తన మొహం నలుగురిలో కూర్చుని చూడడం తనకు చేతకాదని చెప్పాడట. మేం ముగ్గురమే కూర్చున్నాం. నేను సోఫా అంచున, నిటారుగా.

బంగళా వచ్చింది. ముసలాయన వచ్చాడు. వంగిపోయి ఉన్నాడు. మోచేతుల దగ్గర చిరిగిన స్వెట్టరు, ఇంటి చెప్పులు. కుర్చీలో కూర్చుంటే కుర్చీలో కలిసిపోయాడు. నడకలో రాజసం కాదుగదా, అడుగే సరిగా పడటం లేదు. మా తాతగారు అందులో లేరు. ముసలాయన మాట నిలబెట్టుకున్నాడు. అనవసరంగా అనుమానించానే అని కూడా, ఒక నిమిషం, అనిపించింది.

అప్పుడు పోలీసులు తలుపు కొట్టారు.

ముసలాయన తలుపు జానెడు తీసి, వెనక పాదం అడ్డం పెట్టాడు. ఎదుటి పోలీసమ్మాయి మొహం చూడలేదు. ఆమె భుజం మీదుగా వీధిలోకి చూశాడు, ఇంకెవరైనా వస్తున్నారేమోనని. "ఎవరు పంపారు నిన్ను?" అన్నాడు. ఆమె గుర్తింపు కార్డు ఇచ్చింది. అది తీసుకుని, ముందువైపు చదవకుండా, తిప్పి వెనక చూశాడు.

నా భార్య ఫక్కున నవ్వి, వెంటనే చీర చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఏముందిందులో నవ్వడానికి?" అన్నాను.

"ఓ మై గాడ్" అంది అమ్మాయి నెమ్మదిగా. "నాన్నా, దట్స్ యూ."

"వంగి ఉన్నాడు. నేనెక్కడ వంగుతాను?"

"బ్యాక్ కాదు నాన్నా. ద డోర్ థింగ్. నా ఫ్రెండ్స్ వస్తే నువ్వు చేసేది అదే. ఎగ్జాక్ట్‌లీ. వాళ్ళు బర్త్‌డే కార్డ్ ఇస్తే కూడా యూ చెక్డ్ ద బ్యాక్."

"మనింట్లో ఉన్నది ఎవరైనా ఎత్తుకుపోతారేమోనని మీ నాన్న భయం" అంది నా భార్య. సర్దిచెబుతున్నట్టే అంది.

తెర మీద పోలీసమ్మాయి ఒక పొట్లం ఇచ్చింది, ఎవరో పంపిన కేకు. ముసలాయన పొట్లం విప్పి కేకు ఎత్తి అడుగున చూశాడు. ఈసారి నా భార్య నవ్వలేదు. అమ్మాయీ నవ్వలేదు. ఇద్దరూ నావైపు చూడకుండా టీవీవైపే చూశారు. వాళ్ళు నవ్వి ఉంటే కోప్పడేవాణ్ణి.

మర్నాడు ఆఫీసు పని పక్కన పెట్టి ఆయన దగ్గరికి వెళ్ళాను. ఈసారి లోపలికి వెళ్ళి కూర్చున్నాను.

"మోసం చేశారు" అన్నాను.

"మీ తాతగారిని తీసుకున్నానా?"

"నన్ను తీసుకున్నారు."

"దాని గురించి మీరేమీ అనలేదు" అన్నాడు. తర్వాత కుర్చీ దగ్గరికి లాక్కుని, పని తెలిసినవాడి గొంతుతో చెప్పాడు. "వినండి, ప్రిన్స్. నిటారు వీపు నాకు ఇరవయ్యేళ్ళప్పటి నుంచీ ఉంది. బట్టలు కుట్టేవాడు ఇస్తాడు. కాలరు ఎత్తుగా, నడుము బిగుతుగా పెడితే ఎవడైనా ప్రభువే. ఈ వేషానికి వచ్చిన ముసలాళ్ళందరూ అలాగే కర్ర మింగినట్టు నిలబడ్డారు. నేను వంగి వెళ్ళి తలుపు జానెడు తీశాను. వేషం ఇచ్చేశారు."

"అన్నీ పోయినవాడు అలాగే ఉంటాడని మీకెవరు చెప్పారు?"

"మీ ఇంటికి ఎన్నిసార్లు వచ్చాను? ప్రతిసారీ మీరు దేనికో కాపలా కాస్తున్నారు. మీ వెనక చూస్తే చెప్పుల స్టాండు తప్ప ఏమీ లేదు. దేనికి కాస్తున్నారో నాకు తెలీలేదు. తెలీదు కనకే ఆడటానికి బాగుంది."

లేవబోయాను. ఆయన చెయ్యి పట్టుకుని ఆపాడు.

"ఇంకో సంగతి. రాసేవాళ్ళకు ఈ ముసలాడు నచ్చాడు. మళ్ళీ రాస్తున్నారు. ఈసారి తలుపు మూసేశాక ఏం చేస్తాడో చూపించాలట. అది నాకు తెలియదు. నేనెప్పుడూ మీ తలుపుకు బయటే ఉన్నాను. మూసేశాక మీరేం చేస్తారు?"

"ఏమీ చేయను. లోపలికి వెళ్తాను."

"నిజంగా?"

"నిజంగా" అని వచ్చేశాను.

మా గుమ్మందాకా ఆయన వెనకే వచ్చాడు, నా కళ్ళజోడు అక్కడే మర్చిపోయానని ఇవ్వడానికి. తీసుకుని, థాంక్స్ చెప్పి, తలుపు మూశాను. గడియ పెట్టాను. వంటింట్లోంచి నా భార్య "ఎవరండీ?" అంది. నేను పలకలేదు. ఎందుకు పలకలేదా అని చూసుకుంటే, నేను తలుపుకు చెవి ఆనించి ఉన్నాను. ఆయన అడుగుల చప్పుడు మెట్టు దిగిందా లేదా అని వింటున్నాను. నడుము సగానికి వంగి ఉంది. ఈ నడుము కొత్తగా వంగింది కాదు. గడియ దగ్గర మోకాలు ఎక్కడ ఆనాలో మోకాలికి తెలుసు. ఈ ఇంటికి వచ్చినప్పటి నుంచీ, అంతకుముందు ఫ్లాట్లో ఉన్నప్పటి నుంచీ, వచ్చినవాడు పోయేదాకా నేను ఇలాగే నిలబడుతున్నాను. మా తాతగారి మనవణ్ణి.

రెండు మూడు రోజులు ఆయన రాలేదు. గడప తొక్కొద్దన్న మాటమీద నేను నిలబడతానో లేదో చూస్తున్నాడేమో, లేక రమ్మంటే వద్దామని ఆగాడేమో. నేను ఆలోచించుకున్నాను. తాతగారి నడక నేను ఇవ్వడానికి వీల్లేదు, అది ఆయనది. ఈ వంగి వినడం ఎవరి దగ్గర్నుంచీ తెచ్చుకున్నది కాదు, నాదే. ఇవ్వాలన్నా దాచుకోవాలన్నా హక్కు నాకే ఉంది.

ఆయన పెరట్లో నిమ్మచెట్టుకు నీళ్ళు పెడుతుండగా కంచె దగ్గరికి వెళ్ళి పిలిచాను. "తలుపు మూశాక వంగి వింటాను" అన్నాను. "మనిషి వెళ్ళేదాకా."

ఆయన నీళ్ళ గొట్టం కింద పడేశాడు. ముఖంలో నవ్వు లేదు. వెయిటరు ప్లేటు చూసినట్టు చూశాడు.

"ఎంత వంగుతారు?"

కంచెనే తలుపు అనుకుని వంగి చూపించాను.

"మోకాలు?"

అదీ చూపించాను.

"ఎడమ చెవా, కుడి చెవా?"

"ఎందుకు అడుగుతున్నారు?" అన్నాను.